హరిబాబు గారి అకేసియా

హరిబాబు గారి ఇంట్లో చెట్ల గింజల్ని కుక్కర్లో పెట్టి ఉడికిస్తున్నారట. ఈ మాట మొదట పాలకేంద్రం దగ్గర వెంకటదుర్గ అన్నదట. ఆవిడకి ఎవరు చెప్పారంటే సాక్షాత్తూ హరిబాబు భార్య సూర్యకళే చెప్పిందట. పప్పు వండుకునే కుక్కరు నిన్న పొద్దుట్నుంచీ ఆయన సొత్తయిపోయిందనీ, మూడు విజిల్స్ వచ్చాక దింపించి, గింజల్ని చల్లార్చి, తువ్వాల్లో మూటకట్టి తలగడ పక్కనే పెట్టుకు పడుకున్నాడనీ, పొద్దున్నే మూట విప్పి వాసన చూసి ‘బ్రహ్మాండం’ అన్నాడనీ. అంతటితో ఊరుకుంటే ఆవిడ వెంకటదుర్గ ఎందుకవుతుంది. ఇంగువ వేసి పోపు కూడా పెట్టించుకోవాల్సింది, అన్నదట.

పాలు పోసి వస్తూ పక్కింటి చిన్నమ్మాయి ఈ కబురంతా కాలవ గట్టుకి మోసుకొచ్చి వీరవేణికి చెప్పింది. చెబుతూ సగం, చెప్పాక సగం నవ్వింది. వీరవేణి నవ్వలేదు. దోటితో తుమ్మకొమ్మ వంచి కాయలు రాలగొడుతోంది. కింద మేకలు ఒకదాని మీద ఒకటి పడి కాయలు ఏరుకుంటున్నాయి. ఉడికిన గింజ మొలుస్తుందా అని మాత్రం ఒక్కసారి తనలో తను అడుగుతున్నట్టు అన్నది.

వీరవేణికి నవ్వు రాకపోవడానికి కారణం ఉంది. ఆమె మొగుడు పెద్దిరాజు హరిబాబుకి సొంత అన్న. తండ్రి పోయాక పెరడు సగం సగం పంచుకున్నారు. పెద్దిరాజుకి పల్లం వచ్చింది, హరిబాబుకి మెరక వచ్చింది. ఆ మెరక మీద మేకల దొడ్డి. హరిబాబు భీమవరంలో ఉద్యోగం చేసుకుంటూ ముప్పై ఏళ్ళు ఆ వాటా వైపు కన్నెత్తి చూడలేదు కాబట్టి దొడ్డి అక్కడే ఉండిపోయింది. చుట్టూ కాలవలూ వరిచేలూ ఉన్న ఊళ్ళో మేకకి మేత ఎక్కడైనా దొరుకుతుంది, పొడినేల దొరకదు. వానాకాలం వారం రోజులు బురదలో నిలబెడితే గిట్టల మధ్య మెత్తబడి కుళ్ళుతుంది, మేక కుంటుతుంది, కుంటే మేకని కొనేవాడుండడు. వీరవేణివి పదకొండు మేకలు. పదకొండూ ఆ మెరక పుణ్యాన బతుకుతున్నాయి.

ఇప్పుడా మెరక మీద పచ్చ వల కట్టి, షెడ్డు వేసి, నర్సరీ పెడతానని హరిబాబు అంటున్నాడు. మొదటి విడతగా నాలుగొందల సంచుల్లో గింజలు పెడుతున్నాడు. అవి మొలిస్తే దొడ్డి తీసెయ్యాలి. మొలవకపోతే ఆయనే మానేస్తాడు, కిందటేడు తేనెటీగల్నీ, పుట్టగొడుగుల్నీ మానేసినట్టు. అంచేత ఊరందరికీ నవ్వులాటగా ఉన్న కుక్కరు వీరవేణికి మాత్రం నవ్వులాట కాదు. మూడు విజిల్స్ కాదు, ఆరు విజిల్స్ రావాలని ఆమె కోరుకుంది.

హరిబాబు ఒక ఇంజినీరింగ్ కాలేజీలో లైబ్రేరియన్‌గా చేసి రిటైరయ్యాడు. ముప్పై ఏళ్ళపాటు పుస్తకాల వెన్నుల మీద పేర్లు చదివి, పుస్తకాలే చదివానని నమ్మిన మనిషి. ఊళ్ళోకి దిగిన మొదటి వారంలోనే వరి ఎలా ఊడ్చాలో కౌలురైతులకి చెప్పాడు, కాలవకి తూము ఎక్కడ పెట్టాలో నీళ్ళు వదిలే లస్కరుకి చెప్పాడు, బిడ్డకి పాలెప్పుడు మాన్పించాలో ఆరుగురు పిల్లల్ని కన్న ఆవిడకి చెప్పాడు. వాళ్ళందరూ ‘అలాగేనండి’ అన్నారు. అలాగేనండి అంటే ఈ వైపు ఊళ్ళలో ఏమిటో ముప్పై ఏళ్ళు బయట ఉన్నవాడికి తెలియదు. తన మాట చెల్లుతోందనుకున్నాడు.

గింజల పార్సెల్ వచ్చిన రోజు వీరవేణి కూడా చూసింది. నల్లగా, ఆవగింజకి కాస్త పెద్దగా, ఒక్కోదానికి నారింజ రంగు తోకతో ఉన్నాయి.

“ఇది ఏం చెట్టండి మరిదిగారూ?”

“అకేసియా మాంజియం. ఆస్ట్రేలియా చెట్టు. ఎనిమిదేళ్ళలో టేకుని తలదన్నుద్ది.”

“మన తుమ్మలాంటిదాండి?”

హరిబాబు కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. ఎదుటివాళ్ళ అజ్ఞానం మరీ ఎక్కువైనప్పుడు ఆయన కళ్ళజోడు తుడుచుకుంటాడు. “తుమ్మేంటి వదినా. ఆ ముళ్ళకంపా, ఇదీ ఒకటేనా? ఇది ఫర్నిచర్ చెక్క” అన్నాడు.

ఆ గింజల పెంకు గట్టిదనీ, నాటేముందు వేడినీళ్ళు చూపించాలనీ ఫోన్లో ఎవరో హిందీలో చెప్పాడట. మరిగే నీళ్ళు గింజల మీద పోసి చల్లారేదాకా వదిలెయ్యమని ఆ హిందీవాడు చెప్పిన మాట. ఆ సంగతి తరవాత సూర్యకళ అందరికీ చెప్పింది. కాని కాస్త వేడి మంచిదైతే పావుగంట ఉడుకు ఇంకా మంచిది కదా అని హరిబాబు లెక్క. పెంకు గట్టిదంటున్నారు, పెంకు మెత్తబడాలి, కందిపప్పు మెత్తబడటానికి ఏం చేస్తున్నాం? అని భార్యని అడిగాడట. సూర్యకళకి ఆ ప్రశ్నకి జవాబు తెలుసు. అందుకే ఆ పూట ఆ ఇంట్లో పప్పు లేదు.

ఉడకడం అయ్యాక సంచులు నింపడం. ఎర్రమట్టి ట్రాక్టరు మీద తెప్పించాడు, ఇసుక ఇంట్లో ఉంది, ఎరువు కావాలి. దొడ్డి వెనక వీరవేణి ఏడాది పొడుగునా ఊడ్చి పోసిన మేకల పెంటకుప్ప ఉంది, బాగా మాగి నల్లగా పొడిపొడిగా ఉంది. అడగాలని హరిబాబుకి తోచలేదు. నా స్థలంలో ఉన్న కుప్ప నాది కాదా అని ఆయన ధర్మం. అన్నకి పార ఇచ్చి ఎత్తమన్నాడు. పెద్దిరాజు తమ్ముడి చదువంటే చిన్నప్పట్నుంచీ భయపడే మనిషి. రెండు రోజులు చొక్కా విప్పి మరీ ఎత్తాడు. వీరవేణి గడపలో కూర్చుని చూసింది. మొగుడు మోస్తున్న ఒక్కో తట్టలో ఏముందో ఆమెకి తెలుసు.

తుమ్మకాయంటే మేకకి ప్రాణం. పగలు కాయకి కాయ మింగేస్తుంది. తీరిగ్గా పడుకుని నెమరు వేసేటప్పుడు లోపలి గట్టి గింజల్ని ఒక్కొక్కటే పక్కకి ఉమ్మేస్తుంది. పొద్దున్నే దొడ్డి చిమ్ముతుంటే చీపురు కింద గలగలమంటాయి. చెట్టు మీంచి కోసిన గింజని నాటితే అది రాయిలా కూర్చుంటుంది, ఏడాదైనా కదలదు. మేక నోట్లో, కడుపులో నానిన గింజకి నాలుగు చినుకులు చాలు. ప్రతి తొలకరికీ ఆ పెంటకుప్ప మీద తుమ్మ మొలకలు చాపలా లేవడం, వీరవేణి వాటిని పీకి పారెయ్యడం ఇరవై ఏళ్ళుగా జరుగుతున్నదే. ఈసారి ఆమె పీకడానికి కుప్ప లేదు. నాలుగొందల సంచుల్లోకి వెళ్ళిపోయింది.

తొమ్మిదో రోజు పొద్దున్నే హరిబాబు పెరట్లోంచి కేకేశాడు. పాము కరిచిందనుకుని పెద్దిరాజు కర్ర పుచ్చుకుని పరిగెత్తాడు. పాము కాదు, మొలకలు.

వీరవేణి కూడా వెళ్ళింది. హరిబాబు స్కేలు పెట్టి కొలిచి మరీ ప్రతి సంచి నడిమధ్యన రెండేసి గింజలు నాటాడు. మొలకలు మాత్రం నడిమధ్యన లేవు. ఒకచోట సంచి అంచుని ఆనుకుని ఉన్నాయి, ఒక సంచిలో అయిదు గుంపుగా లేచాయి, దాని పక్క సంచిలో ఒక్కటీ లేదు. దళసరి బద్దలు రెండు విచ్చుకుని, మధ్యలోంచి చింతచిగురులాంటి ఆకు. ఇరవై తొలకరులు పీకిన మొక్కని ఆమె పోల్చుకోలేదా. తన మేకలు ఉమ్మేసిన గింజలే తన మేకల పాకని పీకించడానికి లేచి నిలబడ్డాయి.

ఉండబట్టలేక చెప్పింది. “మరిదిగారూ, ఇవి మీరు పెట్టినవి కావండి. తుమ్మ మొలకలు. దొడ్డి ఎరువులోంచి వచ్చాయి. మీ గింజ ఉన్నచోట ఒకసారి తవ్వి చూడండి.”

హరిబాబు తవ్వలేదు. ఫోన్ తీశాడు. ఆస్ట్రేలియా చెట్టు పసిమొక్క బొమ్మ చూపించాడు. ఆ చెట్టు పెద్దయ్యాక వెడల్పాటి ఆకు వేస్తుందిగాని, పుట్టిన కొత్తలో దానిదీ ఇలాంటి ఈకల ఆకే. బొమ్మలోది, సంచిలోది పక్కపక్కన పెడితే ఎవరైనా ఒకటే అంటారు. చుట్టూ చేరినవాళ్ళు అదే అన్నారు. మరి సంచి అంచున ఎందుకు మొలిచాయంటే, వెలుతురు వెతుక్కుంటూ లోపల్లోపల జరిగాయన్నాడు. గింజ మట్టిలో నడుస్తుందన్న సంగతి ఆ రోజు ఊరికి తెలిసింది.

“నువ్వు మేకల్ని చూసుకో వదినా. చెట్ల సంగతి మాకు వదిలెయ్” అని, ఆ మేకల ముచ్చట కూడా త్వరలో ముగిసిపోతుంది కాబట్టి, నవ్వాడు. పెద్దిరాజు కూడా తమ్ముడితోపాటు నవ్వాడు. ఆ నవ్వుకి వీరవేణి మొగుడి మొహం వైపు ఒక్కసారి చూసి ఇంట్లోకి వచ్చేసింది. తెలిసింది ఒకసారి చెప్పింది. రెండోసారి చెబితే బతిమాలినట్టవుతుంది. ఆ మనిషిని బతిమాలడం కంటే మేకల్ని తోలుకుని ఊరొదిలి పోవడం నయమనిపించింది.

ఆ తరవాత నెల్లాళ్ళు హరిబాబుని పట్టుకోవడం ఎవరి తరమూ కాలేదు. ప్రహరీకి ‘అకేసియా మాంజియం నర్సరీ’ అని బోర్డు తగిలించాడు, కింద తన పేరు, పేరు పక్కన డిగ్రీలు. సాయంత్రాలు వీధి అరుగు మీద కూర్చుని దారినపోయేవాళ్ళని పిలిచి మొక్కలు చూపించేవాడు. వాళ్ళు వరసగా వచ్చి, నడుం మీద చేతులు పెట్టుకుని, పుట్టినప్పట్నుంచీ కాలవ గట్టున చూస్తున్న తుమ్మమొక్కని ఎన్నడూ చూడనట్టు చూసి, ‘ఆస్ట్రేలియాది ఆస్ట్రేలియాదేనండి’ అని పొగిడి, కాఫీ తాగి వెళ్ళేవారు. ఎందుకు చెప్పాలి? చెబితే కాఫీ ఇస్తాడా? వెంకటదుర్గ అయితే రెండు మొక్కలు తన దొడ్లో పెట్టుకోవడానికి అప్పుడే చెప్పి ఉంచింది.

మూడో వారానికి ముళ్ళు వచ్చాయి. ఆకుమొదట్లో జంట జంటగా, తెల్లగా, సూదుల్లా. సూర్యకళ నీళ్ళు పోస్తుంటే వేలికి గుచ్చుకుని నెత్తురొచ్చింది. మొదట్లో పశువులు తినకుండా చెట్టు అలా కాపాడుకుంటుందనీ, పెద్దయితే రాలిపోతాయనీ హరిబాబు చెప్పాడు. వెడల్పాటి ఆకు ఏదని సూర్యకళ అడిగితే రెండోనెలలో వస్తుందన్నాడు. కుక్కరు సంగతి మర్చిపోని ఆ ఇల్లాలు వేలు నోట్లో పెట్టుకుని లోపలికి పోయింది.

శ్రావణమాసం మొదటి వారంలో హరిబాబు వీరవేణికి కబురు పంపాడు. కబురు తెచ్చింది పెద్దిరాజే. వచ్చే ఆదివారం రాజమండ్రి వైపునుంచి శాంతికుమార్ వస్తున్నాడు. ఒకప్పుడు హరిబాబు కాలేజీలో చదివినవాడు, ఇంజినీరు ఉద్యోగం నచ్చక తండ్రి నర్సరీ చూసుకుంటున్నాడు, వందల ఎకరాలకి మొక్కలిస్తున్నాడు. అతను మొక్కలు చూసి మెచ్చుకుంటాడు, అతని చేతే షెడ్డుకి మొదటి గుంజ పాతిస్తారు. అంచేత ఆదివారం లోపల దొడ్డి ఖాళీ చెయ్యాలి. పెద్దమనుషులు వచ్చేచోట పెంట కంపు బాగుండదు.

“వాడి స్థలం. మనమేమంటాం?” అన్నాడు పెద్దిరాజు, భార్య ఏమీ అనకముందే.

వీరవేణి ఆ రోజే మేకల్ని తమ వాటాలోకి, పల్లంలోకి దింపింది. కొబ్బరిమట్టలు పరిచింది, వాన పడకుండా పైన బరకం కట్టింది. రెండు రోజులు ఎడతెరిపి లేని వాన. మట్టలు నీళ్ళలో తేలాయి. మేకలు తడిసి, కాళ్ళు ఒకటి మార్చి ఒకటి ఎత్తుకుంటూ, మెరక మీది తమ పాత పాక వైపు మొహాలు పెట్టి అరుస్తూ నిలబడ్డాయి. మూడోరోజున చూలుతో ఉన్న మేక ముందుకాలు నేల మీద పెట్టలేకపోయింది. వీరవేణి గిట్ట విడదీసి చూసింది. లోపల ఎర్రబడింది. ఇంకో వారం పోతే పదకొండింటికీ ఇదే గతి.

ఆదివారం శాంతికుమార్ వచ్చి చూస్తే నిజం బయటపడుతుందని ఆమెకి తెలియకపోలేదు. అయితే ఏంటి? బయటపడితే మాత్రం ఆ మనిషి తప్పు ఒప్పుకుని మెరక ఇస్తాడా? ఆ కసికి కోళ్ళో, చేపపిల్లలో, ఇంకేదో పెడతాడు. ఆయన దయ మీద ఇంకో వానాకాలం, ఆ పైన ఇంకోటి. బేస్తవారం ఉదయం నిడదవోలునుంచి మేకల బేరగాడు ట్రాలీ ఆటో తెచ్చాడు. అతను చెప్పిన ధర మీద వీరవేణి ఒక్క మాట కూడా బేరమాడలేదు. ఒక్కోదాన్ని తనే ఎత్తి ఆటోలో పెట్టింది. చూలుమేకని ఎత్తేటప్పుడు అది ఎప్పట్లాగే ఆమె కొంగు అందుకుని నమిలింది. ఆటో మలుపు తిరిగాక, దోటి తీసుకెళ్ళి కాలవలో పడేసి వచ్చింది. ఆ పూట పెద్దిరాజు అన్నం తానే పెట్టుకుని తిన్నాడు.

హరిబాబు ఇవేవీ గమనించలేదు. పల్లం ఆయన ఇంటి వెనక కిటికీకి ఎదురుగానే ఉంది. పదకొండు మేకల అరుపు ఒక్కసారిగా ఆగిపోయినా ఆయన చెవికి తేడా తెలియలేదు. శనివారం మాత్రం కంపు తగ్గిందనీ, తాను చల్లించిన ఫినాయిలు భేషుగ్గా పనిచేసిందనీ సూర్యకళతో అన్నాడు.

ఆదివారం కుర్చీలు వేశారు. ఊళ్ళో కాఫీ తాగినవాళ్ళందరూ వచ్చారు, వెంకటదుర్గ అందరికంటే ముందు వచ్చింది. వీరవేణి రాకూడదనుకుంది. కాని రాకపోతే ఏడుస్తూ కూర్చుందనుకుంటారు. వచ్చి ఖాళీ పాక గుంజకి ఆనుకుని నిలబడింది.

శాంతికుమార్ మర్యాదస్తుడు. కారు దిగి గురువుగారికి దణ్ణం పెట్టాడు, కూల్‌డ్రింకు తాగాడు, మొక్కల దగ్గరికి వెళ్ళాడు. మొదటి వరస దగ్గరే ఆగిపోయాడు. వంగి ఒకదాన్ని చూశాడు, రెండోదాన్ని చూశాడు. తరవాత బోర్డు వైపు చూశాడు. పెద్దవాళ్ళకి చెప్పకూడని మాట చెప్పాల్సివచ్చినప్పుడు చేసినట్టు గొంతు సర్దుకున్నాడు.

“సార్, ఇవి మాంజియం కాదండి. నల్లతుమ్మండి.”

ఒక్కరూ ఆశ్చర్యపోలేదు. ఆశ్చర్యపోయినట్టు మొహాలు పెట్టడానికి మాత్రం అందరూ కాస్త కష్టపడ్డారు. హరిబాబు వేడినీళ్ళ సంగతి ఎత్తాడు, ఫోన్ తియ్యబోయాడు. శాంతికుమార్ ఒక సంచి చీల్చి, నడిమధ్యన వేలు పెట్టి గింజ తీసి గోటితో నొక్కాడు. గింజ బురదలా చిట్లింది. వేలు వాసన చూసుకుని జేబురుమాలుతో తుడుచుకున్నాడు.

అక్కడితో అయిపోవలసింది. కాని శాంతికుమార్ కళ్ళు ఆ నాలుగొందల సంచుల మీంచి కదల్లేదు. తుమ్మ గింజ మొలకెత్తడం ఎంత కష్టమో తనకి తెలుసనీ, ముళ్ళకంచెకి తుమ్మమొక్కలు కావాలని రైతులు వెంటపడుతున్నా తమ నర్సరీలో ఆసిడ్‌తో కడిగినా నూటికి నలభై రావడంలేదనీ, ఇక్కడ ఇంత దట్టంగా ఎలా వచ్చాయో చెప్పాలనీ అడిగాడు. హరిబాబు నోరు తెరిచి, చెప్పడానికి ఏమీ లేక, తెరిచే ఉంచాడు. తమ్ముడు ఇబ్బందిపడటం చూడలేక పెద్దిరాజు అందుకున్నాడు. ఆయ్, ఎరువులోవండి, మా ఆవిడ మేకలు తుమ్మకాయలు తిని గింజలు ఉమ్మేస్తాయండి, ఆ దొడ్డి పెంటే పోశామండి అని ఉన్నదున్నట్టు చెప్పేశాడు. అయితే ఆ మేకలున్న దొడ్డే నర్సరీ కదండి సార్, ఎన్ని మొక్కలుంటే అన్నీ నేను తీసుకుంటాను అన్నాడు శాంతికుమార్.

హరిబాబు తేరుకోవడానికి అర నిమిషం కూడా పట్టలేదు. తెరిచిన నోట్లోంచే కొత్త చదువు వచ్చింది. అదేనయ్యా నేను చెప్పేది, దీన్ని బయలాజికల్ ట్రీట్‌మెంట్ అంటారు, ఎరువు ఏరికోరి ఆ కుప్పనుంచే తీయించానంటే ఎందుకనుకున్నావు? అని శాంతికుమార్ భుజం తట్టాడు. వెంకటదుర్గ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఆయన పెరడంతా ఒకసారి యజమానిలా కలయజూసి, గుంజకి ఆనుకున్న వదిన దగ్గరికి నడిచి వచ్చాడు. మొక్కలు మొలిచిననాటికంటే ప్రేమగా నవ్వాడు.

“దొడ్డి తియ్యొద్దులే వదినా. మేకలు ఇక్కడే ఉండనీ. రేపట్నుంచి కాయలు నేనే బస్తాల్లో తెప్పిస్తాను. అవి నమిలితే చాలు, మిగతాదంతా నేను చూసుకుంటాను.”

వీరవేణి గుంజ వదిలి నిటారుగా నిలబడింది.

“మేకలు లేవండి. బేస్తవారమే అమ్మేశాను. కాయలు తెప్పించి మీరే నమలండి.”